పురుగు తిన్న ఆకు

ఆటల కంపెనీల్లో కొత్తగా చేరిన పిల్లలు అప్పుడప్పుడు మా ఇంటికి వస్తుంటారు. ఐకాన్ ఎట్లా గీయాలో చెప్పమంటారు. చెప్తాను. ఎంత చిన్నదిగా చేసినా పోల్చుకునేలా ఉండాలి, రంగు తీసేసినా ఆకారం నిలబడాలి, ఒక బొమ్మకు ఒకే మాట ఉండాలి. ఇంతవరకు శ్రద్ధగా వింటారు. గీసి వదిలేశాక ఆ బొమ్మ ఎవరి చేతిలో ఏమవుతుందో చెప్పబోతే మాత్రం ఫోన్లు చూసుకుంటారు. వాళ్ళను అని లాభం లేదు, ఆ వయసులో నేనూ అంతే. అందుకే ఆ సంగతి కాగితం మీద పెడుతున్నాను. ఫోన్ చూడటం అయ్యాక చదువుకోవచ్చు.

మాది తాతల కాలం నుంచి బెంగళూరులో ఉన్న తెలుగు కుటుంబం. నగర్తపేటలో నాన్నకు ఒక చిన్న గది ఉండేది. అగరబత్తి పెట్టెలకు, తిలకం సీసాలకు, చీరల డబ్బాలకు లేబుళ్ళు గీసే పని. నేను బ్రష్ పట్టింది అక్కడే. తొంభైలలో కూడా సరుకు కొనేవాళ్ళలో చాలామంది కంపెనీ పేరు చదివేవాళ్ళు కాదు. "చిలక మార్కు ఇవ్వప్పా", "దీపం మార్కు ఉండాదా?" అని అడిగేవాళ్ళు. చిలక ముక్కు కాస్త వంకర పోయినా, ఇది దొంగ సరుకని వెనక్కి ఇచ్చేవాళ్ళు. కంప్యూటర్లు వచ్చి మా పని పోయింది. పోగొట్టిన కంప్యూటరునే నేర్చుకొని, నలభై దాటాక మారతహళ్ళిలో ఒక ఆటల కంపెనీలో చేరాను. అక్కడ అందరికన్నా పెద్దదాన్ని నేనే. లిఫ్టులో కొత్తవాళ్ళు నన్ను ఎవరి తల్లో అనుకొని, "ఎవరి కోసం వచ్చారు మేడమ్?" అని అడిగేవాళ్ళు.

మేము నడిపిన ఆట గురించి కొంచెం చెప్పాలి. ఒక మైదానం. ఇటు ఐదుగురు, అటు ఐదుగురు. ఒక్కొక్కరు ఒక్కో ఊళ్ళో, కొన్నిసార్లు ఒక్కో దేశంలో కంప్యూటరు ముందు కూర్చొని ఆ మైదానంలో కొట్టుకుంటారు. ఒకరి భాష ఒకరికి రాదు. వచ్చినా టైపు చేసేంత తీరిక ఉండదు, అంతలో తల పోతుంది. కాబట్టి మాటలన్నీ గుర్తులతోనే. నీటిచుక్క కనపడితే గాయం మానుతోందని. తెగిన చెప్పు కనపడితే నడక నెమ్మదించిందని. మ్యాపు మీద ఎర్ర త్రిభుజం పడితే అటు పోవద్దని. ఆ బొమ్మలన్నీ నా బల్ల మీద పుట్టినవే.

వీటికి తోడు ప్రతి జట్టుకూ సొంత ముద్ర ఒకటి ఉండేది. దాన్ని ఆటగాళ్ళే గీసి పంపేవాళ్ళు. బూతు బొమ్మలు, కులాన్నో మతాన్నో తిట్టే బొమ్మలు లేకుండా మా విభాగం చూసి వదిలేది. ఒకసారి వదిలాక ఆ ముద్రను కూడా, నా బొమ్మల్లాగే, మ్యాపు మీద ఎక్కడ కావాలంటే అక్కడ గుద్దుకోవచ్చు. వాళ్ళకు అదో సరదా.

ఆటలో మోసం చేసేవాళ్ళను, నోరు పారేసుకునేవాళ్ళను పట్టుకోవడానికి మా మనిషి ఒకరు మైదానంలోకి దిగి తిరిగేవాళ్ళు. ఆ మనిషి తల మీద లాంతరు గుర్తు వెలుగుతుంటుంది. లాంతరు కనపడిందంటే అందరూ బుద్ధిగా ఉండాలి. పగటి షిఫ్టులో ఆ లాంతరు మోసేది ఒంగోలు వైపు నుంచి వచ్చిన ఒక అమ్మాయి. రైల్వే ఉద్యోగి కూతురు. దగ్గర్లోనే పీజీలో ఉండేది, ఆదివారం చర్చికి పోయి వచ్చి మా ఇంట్లో భోంచేసేది. గట్టిగా నవ్వే మనిషి. పనిలో మాత్రం మహా కచ్చితం. ఒకసారి ఆమె శిక్ష వేసిన ఆటగాడొకడు మ్యాపు మీద తెగిన చెప్పు, పక్కన వరసగా నీటిచుక్కలు గుద్దాడట. "చూడక్కా, కాలు విరిగింది, మందు వెయ్యమంటున్నాడు" అని నన్ను పిలిచి చూపించింది. జాలిపడి శిక్ష తగ్గించింది కూడా.

ఏ కాలమైనా ఆమె మెడ చుట్టూ చున్నీ ఉండేది. అడిగితే, "ఏసీ పడదక్కా" అనేది.

మైదానాలు గీసే విభాగంలో ఒక ఆర్టిస్టు ఉండేవాడు. మట్టి, రాళ్ళు, వాగులు అన్నీ అతని చేతివే. మంచి పనిమంతుడు. అందరికీ ఇష్టుడు. నా కంప్యూటరు చెడిపోతే తన పని వదిలేసి వచ్చి బాగుచేసేవాడు, క్యాంటీన్లో పాటలు పాడేవాడు, ఊరికి పోతే పూతరేకులు తెచ్చి అన్ని బల్లల మీదా పెట్టేవాడు. ఆ సంగతి ఎందుకు చెప్తున్నానంటే, చెడ్డవాడు చెడ్డవాడిలా కనపడతాడని మీరు అనుకోకూడదు. నాకు అతను చాలా నచ్చేవాడు. అతనూ మా లాంతరు అమ్మాయీ కలిసి భోంచేస్తుంటే చూసి సంతోషపడ్డాను. కొన్నాళ్ళకు విడివిడిగా తినసాగారు. మామూలేలే అనుకున్నాను. ఆఫీసుల్లో ఇలాంటివి వస్తుంటాయి, పోతుంటాయి.

ఆ తరవాత వచ్చింది ఆకు.

ముదురు మట్టి రంగు మీద ఒక తెల్లని ఆకు. కొస ఎడమవైపు వంగి ఉంటుంది. మధ్యలో చిన్న మట్టిరంగు చుక్క. కొత్తగా చేరిన ఒక జట్టు దాన్ని తమ ముద్రగా పంపింది. మా విభాగంలో చూసిన పిల్ల, "పురుగు తిన్న ఆకులా ఉంది, బాగుంది" అని వదిలింది. ఎవరు చూసినా వదిలేవాళ్ళే. అందులో వద్దనడానికి ఏమీ లేదు.

ఆ జట్టు ఆడేది తక్కువ. లాంతరు ఏ మైదానంలో దిగితే అక్కడికి వచ్చి, లాంతరు చుట్టూ ఆ ఆకు గుద్దేది. ఒక మాట లేదు, తిట్టు లేదు. ఆకు, ఆకు, ఆకు. కొద్దిరోజుల్లో మిగతా ఆటగాళ్ళు దీన్ని పట్టేశారు. లాంతరు వచ్చిందని తోటివాళ్ళను హెచ్చరించడానికి పనికొస్తుందని అనుకున్నారు. దాన్ని తమ ముద్రల్లోకి నకలు చేసుకున్నారు. ఇక ఆ అమ్మాయి ఏ మైదానంలో కాలు పెట్టినా ముందు రెండు ఆకులు, తరవాత పది, ఆ తరవాత మ్యాపు కనపడకుండా ఆకులు.

మాకు నవ్వులాటగానే ఉండేది. "నీకు ఫ్యాన్స్ పెరిగిపోయారే" అని ఏడిపించేవాళ్ళు. ఆమె నవ్వడం మానేసింది. పనిలో తప్పులు వచ్చాయి. తప్పు చేయనివాడిని పంపించేసేది, చేసినవాడిని వదిలేసేది. మేనేజరు రెండుసార్లు పిలిచి మందలించాడు. ఒక ఆదివారం భోజనానికి రాలేదు. మరుసటి ఆదివారమూ రాలేదు. సోమవారం మధ్యాహ్నం నేనే ఆమెను డాబా మీదికి తీసుకెళ్ళాను. అక్కడ నీళ్ళ ట్యాంకుల వెనక ఎవరూ రారు.

"ఏమి అయినాది నీకు? ఒళ్ళు బాగలేదా?"

"బానే ఉందక్కా."

"బాగుంటే ఇట్లా ఎందుకు ఉండావు? చెప్పు మా. నాతో చెప్పుకోకపోతే ఇంకెవరితో చెప్పుకుంటావు ఈ ఊళ్ళో?"

ఆమె ఒకసారి కింద రింగురోడ్డు మీద పోయే బస్సులను చూసింది. తరవాత వెనక్కి తిరిగి, చున్నీ తీసి, జడ పక్కకు లాగింది.

మెడ వెనక, జుట్టు మొదలయ్యే చోటికి కిందగా, తెల్లమచ్చ. బొల్లి. లేత మామిడాకంత. కొస ఎడమవైపు వంగి ఉంది. మధ్యలో ఇంకా రంగు పోని చోట ఒక చుక్క మిగిలి ఉంది.

నా జీవితమంతా బొమ్మలు పోల్చడమే పని. దీన్ని పోల్చడానికి ఆ పనితనం ఏమీ అక్కర్లేదు.

"ఈ ఊరొచ్చాకే వచ్చిందక్కా. ఇంట్లో తెలీదు. ఒక్కడికే తెలుసు" అంది.

ఆ ఒక్కడు ఎవరో ఆమె చెప్పకముందే నాకు తెలిసింది. పెళ్ళి చేసుకుందామన్నాడట. ఇప్పుడే వద్దు, ఇంకా ఆలోచించుకోవాలి అందట. అంతే జరిగింది. కేకలేయలేదు, చెయ్యెత్తలేదు. మరుసటి వారం ఆకు వచ్చింది.

"ఆ మట్టి రంగు కూడా నాదేనక్కా" అంది. "మంచిగా ఉన్నప్పుడు ఒకరోజు నా చెయ్యి స్క్రీను పక్కన పెట్టుకొని రంగు కలిపాడు. 'కొత్త మైదానం నిండా నీ రంగే పరుస్తా' అన్నాడు. నాకెంత సంతోషమేసిందో ఆ రోజు."

కిందికి దిగగానే నేను ఆ ముద్రను తెరిచి చూశాను. కంప్యూటర్లో ప్రతి రంగుకూ ఒక సంఖ్య ఉంటుంది. ఆకు వెనక ఉన్న మట్టి రంగు సంఖ్య, మైదానాల విభాగం కొత్తగా కలిపిన రంగు సంఖ్య ఒక్కటే. ఆ మైదానం ఇంకా బయటికి విడుదల కాలేదు. ఆ రంగు మా కంపెనీ గోడలు దాటి పోయే వీలు లేదు. అంటే ముద్ర గీసిన చెయ్యి మా గోడల లోపలే ఉంది.

"మేనేజరుకు చెప్తాను" అన్నాను ఆమెతో.

"రంగు సంగతి చెప్పు. మచ్చ సంగతి చెప్పొద్దు."

"అది చెప్పకపోతే ఆకుని ఎందుకు తీసేయాలో వాళ్ళకు ఎట్లా తెలుస్తుంది?"

"మా మేనత్తకి ఉందక్కా ఇది. పెళ్ళిళ్ళకి పిలవరు. ఇంటికొస్తే గ్లాసు వేరే. నేను చిన్నప్పుడు ఆ గ్లాసు ముట్టుకుంటే మా నానమ్మ నా చెయ్యి సబ్బుతో కడిగింది. ఇంట్లో తెలిసిందంటే నాన్న రేపే వచ్చి తీసుకెళ్ళిపోతాడు. చెప్పొద్దు."

చెప్పనని మాట ఇచ్చాను. అది ఎంత కష్టమైన మాటో మేనేజరు ముందు కూర్చున్నాక తెలిసింది.

మేనేజరు హైదరాబాదు మనిషి. చెడ్డవాడు కాడు, తొందర మనిషి. "మేడమ్, అది ఆకు. సింపుల్ ఆకు. ఏ రూల్ కింద తీసెయ్యాలె? రేపు ప్లేయర్స్ ఎందుకని అడిగితే ఏం చెప్పాలె?" అన్నాడు.

"ఆ అమ్మాయిని కావాలని వేధిస్తా ఉండారు సార్. కారణం చెప్పేదానికి లేదు. నా మాట మీద తీసేయండి. ఆ రంగు ఎక్కడి నుంచి పోయిందో చూడండి, చాలు."

"మాట మీద నడవదు మేడమ్. రెండు రోజులు టైమ్ ఇవ్వండి. అందర్నీ కూర్చోపెడతా."

అందర్నీ అంటే ఎవరినో నేను ఊహించలేదు. మూడో రోజు మీటింగు గదిలోకి పోయేసరికి మేనేజరు, ఎచ్చార్ మేడమ్, వాళ్ళకు ఎదురుగా ఆ ఆర్టిస్టు. రంగు సంగతి మైదానాల విభాగానిది కదా, అతని వివరణ కావాలని పిలిపించాడట. గోడ మీద ప్రొజెక్టరుతో ఆకును పెద్దది చేసి పెట్టారు. నిలువెత్తు ఆకు. ఆ అమ్మాయిని పిలవలేదు. ఇది పాలసీ మాట్లాడే మీటింగు కాబట్టి అక్కర్లేదన్నారు.

ఆర్టిస్టు నాకు లేచి నమస్కారం పెట్టాడు. "రంగు లీకయి ఉండొచ్చండి. టెస్టింగ్ కాపీ ఎవరెవరి దగ్గరికి పోయిందో ఏమో" అన్నాడు. మేనేజరు తలాడించాడు. ఎచ్చార్ మేడమ్ నా వైపు తిరిగి, ఒక ఆకు బొమ్మ మనిషిని ఎలా వేధిస్తుందో వివరించమంది. నేను ఏమి చెప్పగలను? "ఇందులో వేరే అర్థం ఉండాది" అన్నాను. ఏమిటది అన్నారు. "చెప్పేదానికి లేదు" అన్నాను. ఎచ్చార్ మేడమ్ పెన్ను మూత పెట్టేసింది. నన్ను చూసి ఆర్టిస్టు చిన్నగా నవ్వాడు. అందులో జాలి కూడా కలిసి ఉంది, అదే నాకు ఇప్పటికీ గుర్తొస్తుంది.

అప్పుడు తలుపు తెరుచుకుంది. ఆ అమ్మాయి లోపలికి వచ్చింది. మీటింగు సంగతి ఎవరు చెప్పారో తెలియదు, అద్దాల గది కదా, బయటినుంచి గోడ మీద ఆకు కనపడి ఉంటుంది. చున్నీ మెడకు లేదు, చేతిలో ఉంది. తిన్నగా ప్రొజెక్టరు వెలుగులోకి నడిచి, గోడకు ఎదురుగా తిరిగి, జడ ఎత్తి పట్టుకుంది.

"కారణం కావాలన్నారంట. ఇదే."

గోడ మీద ఆకు, ఆమె మెడ మీద ఆకు. వంగిన కొస, మధ్య చుక్క. మేనేజరు చూపు తిప్పుకున్నాడు. ఆర్టిస్టు బల్లను చూస్తున్నాడు.

మొదట నోరు తెరిచింది ఎచ్చార్ మేడమ్. కుర్చీ కాస్త వెనక్కి జరుపుకొని ఇంగ్లీషులో అడిగింది, ఇది అంటుకుంటుందా అని.

"అంటుకోదు మేడమ్" అని ఆ అమ్మాయే జవాబిచ్చింది. చాలా మర్యాదగా. తరవాత ఆర్టిస్టు వైపు తిరిగింది. "బాగా గీశావు. చుక్క కూడా మర్చిపోలేదు."

"నాకేం తెలీదు. ఆకులు అలాగే ఉంటాయి" అన్నాడతను.

ఆ సాయంత్రానికే ఆకును నిషేధించారు. మీరు ఇక్కడ కథ సుఖాంతమైందని అనుకుంటే పొరపాటు.

ఆర్టిస్టు ఒప్పుకోలేదు. ఒప్పించడానికి ఎవరూ గట్టిగా ప్రయత్నించలేదు. కంపెనీ పేరు బయట పడుతుందని, ఆటకు అసలు సొంతదారైన విదేశీ క్లయింటుకు తెలుస్తుందని భయం. సొంత కారణాల మీద రాజీనామా ఇమ్మన్నారు, ఇచ్చాడు. చివరి రోజు క్యాంటీన్లో కేకు కోయించారు. మా విభాగం పిల్లలు కూడా పోయారు. వాళ్ళకు కారణం తెలియదు, తెలిసిన ఒకరిద్దరికి కేకు తినకపోతే బాగుండదు. నేను నా బల్ల దగ్గర కూర్చొని ఉంటే చప్పట్లు వినపడ్డాయి. అదే రోడ్డులో ఇంకో కంపెనీలో ఇంకా పెద్ద ఉద్యోగంలో చేరాడని తరవాత తెలిసింది.

నేనూ ఆ అమ్మాయీ పోలీసు స్టేషనుకు కూడా పోయాము. అక్కడ రాసుకునే ఆయన మేము తీసుకెళ్ళిన ప్రింటును అటు తిప్పి, ఇటు తిప్పి చూశాడు. "ఇదు ఎలె తానే మేడమ్?" అన్నాడు కన్నడంలో. ఇది ఆకే కదా అని. ఆమె చెప్పిందంతా నేను కన్నడంలో వివరించాను. ఓపికగా విన్నాడు పాపం. విని, "ఎలె మేలె కేస్ హాకక్కె ఆగల్ల" అన్నాడు. ఆకు మీద కేసు పెట్టడం కుదరదట. టీ తెప్పించి పంపించాడు.

ఆటగాళ్ళ సంగతి ఇంకా ఘోరం. ఆకును ఎందుకు తీసేశారో కంపెనీ చెప్పలేదు. "కొన్ని కారణాల వల్ల" అని ఒక్క వాక్యం పెట్టారు. కారణం చెప్పకుండా దేన్ని లాక్కున్నా జనం అదే కావాలంటారు. వేలమంది గొడవ మొదలుపెట్టారు. ఇంతలో మా ఆఫీసు నుంచే ఎవరో ఆటగాళ్ళ చర్చల పేజీలో అసలు కారణం రాసేశారు. పేరు రాయలేదు కానీ లాంతరు అని రాశారు, అది చాలదూ? ఎవరు రాశారో ఇప్పటికీ తెలియదు. మీటింగు గదిలో ఉన్నది కొద్దిమందే, కానీ ఆ గదికి ఉన్నవి అద్దాల గోడలు.

కొందరు ఆటగాళ్ళు క్షమించమని రాశారు. అది నిజం, చెప్పకుండా ఉండకూడదు. మిగతావాళ్ళు నవ్వుకున్నారు. ఆకు గుద్దే వీలు లేదు కాబట్టి, ఐదుగురూ కలిసి మ్యాపు మీద నీటిచుక్కలను ఆకు ఆకారంలో పేర్చారు. మధ్యలో ఒక్కచోట ఖాళీ వదిలారు. నేను గీసిన నీటిచుక్కలు. గాయం మానుతోందని చెప్పడానికి గీసినవి. వాటిని నిషేధిస్తే ఆటే లేదు.

అది చూసిన రోజు ఆ అమ్మాయి లాంతరు దింపేసి, కంప్యూటరు ఆపేసి, బ్యాగు తీసుకొని నా దగ్గరికి వచ్చింది. "ఇంక నావల్ల కాదక్కా" అంది. ఏడవలేదు. తనతో పాటు నేనూ లేచి బస్సెక్కి, మా ఇంటికి తీసుకొచ్చాను.

సంగతి ఎవరి ద్వారానో తెలిసి వాళ్ళ నాన్న వచ్చారు. ఒంగోలు నుంచి రైల్లో రాత్రంతా నిలబడి వచ్చిన మనిషి, మా హాల్లో కూర్చోకుండా నిలబడే ఉన్నారు. "నాకెందుకు చెప్పలేదమ్మా?" అని అడిగారు. ఆమె తల వంచుకుంది. "మీ అత్తను మేము చూసినట్టు నిన్ను చూస్తామని అనుకున్నావా?" అన్నారు. ఆమె తలెత్తి ఆయన్ను చూసింది. ఆయన చేతిలో ఉన్న నీళ్ళ గ్లాసు తాగకుండానే కింద పెట్టారు. ఇంటికి రమ్మని బతిమాలారు. ఆమె పోలేదు. కొన్నాళ్ళు మా ఇంట్లోనే ఉండి, బెంగళూరు శివార్లలో చందాపుర దగ్గర ఒక ఫ్యాక్టరీలో స్టోర్సు చూసే ఉద్యోగం వెతుక్కుంది. కంప్యూటరు ముందు తక్కువసేపు కూర్చునే ఉద్యోగమే కావాలని పట్టుబట్టింది.

నేను కంపెనీలోనే ఉన్నాను. మనుషులు మారారు. మేనేజరు వేరే ఊరు పోయాడు, ఎచ్చార్ మేడమ్ మానేసింది. పాత గొడవ తెలిసినవాళ్ళు తగ్గిపోయారు. ఆటగాళ్ళలోనూ పాతవాళ్ళు పోయి కొత్తవాళ్ళు వచ్చారు. చుక్కలతో ఆకు పేర్చడం మాత్రం మిగిలింది. ఎందుకు పేరుస్తున్నారో వాళ్ళకు తెలియదు. ఆట మొదలుపెట్టే ముందు ఆకు వేస్తే గెలుస్తామని ఒక నమ్మకం పుట్టింది. క్లయింటు వైపు నుంచి ఎవరో అది గమనించి, జనం ఇంత ఇష్టపడే గుర్తును మనమే ఎందుకు ఇవ్వకూడదని అడిగారు. దాన్ని నీటుగా గీయమని పని నా బల్ల మీదికి వచ్చింది.

గీయనన్నాను. కొత్త మేనేజరు కారణం అడిగాడు. మళ్ళీ అదే ప్రశ్న. ఆమె ఆ రోజు తన నోటితో తానే చెప్పుకుంది గానీ, నన్ను చెప్పమనలేదు. "నా చేత కాదు సార్" అన్నాను. పక్క బల్ల పిల్లవాడు మధ్యాహ్నానికల్లా గీసి ఇచ్చాడు. బాగానే గీశాడు. కొస ఎడమవైపే వంచాడు. టీషర్టుల మీద, స్టిక్కర్ల మీద అచ్చువేసి అమ్మారు. ఆ ఏడే నేను ఉద్యోగం మానేశాను. రిటైర్మెంటు అన్నారు, సరే అన్నాను. కేకు వద్దన్నాను.

మానేసిన తరవాత ఒకరోజు చందాపుర పోయాను. చాలాకాలంగా ఫోన్లో మాట్లాడుకోవడమే, చూసి ఎన్నాళ్ళో అయింది. ఫ్యాక్టరీ గేటు ఎదురుగా ఉన్న చిన్న హోటల్లో కూర్చున్నాము. మచ్చలు చేతులకు, ఒక చెంపకు పాకాయి. చున్నీ భుజాన మామూలుగా వేసుకుంది. నేను ఆమె చేతులను చూడకుండా ఉండటానికి ప్రయత్నిస్తున్నానని కనిపెట్టి, రెండు చేతులూ బల్ల మీద పెట్టేసింది.

"చూడక్కా. నువ్వు కూడా అలా చెయ్యకు."

"మందు వాడతా ఉండావా?"

"వాడా. మానేశా. ఆ బెంగ వల్ల పెరిగిందా అని డాక్టర్ని అడిగితే చెప్పలేనన్నాడు." టీ కలుపుకుంటూ అడిగింది. "ఆ ఆట ఇంకా ఉందా?"

"ఉండాదేమో. నాకు తెలీదు, మానేసినాను కదా."

"ఆకు?"

"అది ఎప్పుడో పోయిందిలే" అన్నాను.

ఆమె నన్ను చూసి నవ్వింది. పాత నవ్వు కాదు. "అబద్ధం చెప్పడం నీకు రాదక్కా. మా ప్యాకింగులో ఒకాయన బండి వెనక అంటించుకున్నాడు. ఏంటండీ ఇది అని అడిగా. 'అదృష్టం మేడమ్, మా ఆటలో అందరూ పెట్టుకుంటారు' అన్నాడు."

"నువ్వేమన్నావు?"

"బావుందన్నా. ఇంకేం అంటా? నా మెడండీ అది, అననా?" టీ గ్లాసు పక్కకు జరిపింది. "మంచాయనేలే. వానొస్తే బస్టాపు దాకా దింపేది ఆయనే. ఇక్కడ షేర్ ఆటోలు దొరకవు."

మేము లేచేసరికి చినుకులు మొదలయ్యాయి. ఇంకాసేపు కూర్చోమన్నాను గానీ చీకటి పడితే ఆమె బస్సు దొరకదు. ఫ్యాక్టరీ గేటులోంచి ఒకాయన బండి మీద వచ్చి ఆగాడు. నడివయసు మనిషి. నాకు నమస్కారం పెట్టి, సీటు మీది నీళ్ళు తన చొక్కా చేతితో తుడిచి, "కూర్చోండి మేడమ్, జాగ్రత్త" అన్నాడు. ఆమె చున్నీ తల మీదుగా కప్పుకొని వెనక కూర్చుంది. నా వైపు చెయ్యి ఊపింది. బండి కదిలింది. వెనక మడ్‌గార్డు మీద తెల్లని ఆకు, కొస ఎడమవైపుకు, చక్రం చిమ్మిన బురదలో సగం కప్పుకుపోయి కనపడుతోంది. దాని మీద వాన పడుతూ బురదను కడిగేస్తోంది.